కాన్రాడ్ లోరెంజ్

కాన్రాడ్ జకారియాస్ లోరెంజ్ (నవంబరు 7, 1903 - ఫిబ్రవరి 27, 1989) ఆస్ట్రియా దేశానికి చెందిన జంతుశాస్త్రవేత్త, వైద్యుడు, గ్రంథకర్త. జంతువుల ప్రవర్తనను వాటి సహజ పరిసరాలలో ఓపికగా గమనించి అధ్యయనం చేసే ఈథాలజీ అనే శాస్త్రవిభాగానికి పునాదులు వేసినవారిలో ఈయన ముఖ్యుడు. గుడ్డు నుండి వెలువడిన బాతుపిల్ల తాను మొదట చూసిన కదిలే ప్రాణిని తల్లిగా స్వీకరించడం గురించి ఈయన చేసిన పరిశోధన లోకప్రసిద్ధమైనది. 1973లో కార్ల్ ఫాన్ ఫ్రిష్, నికో టిన్‌బెర్గెన్‌లతో కలిసి వైద్యశాస్త్రంలో నోబెల్ బహుమతిని అందుకున్నాడు.

నేర్చుకోకుండానే పుట్టుకతో ప్రాణికి సంక్రమించే ప్రవృత్తిని సహజాతం అంటారు. జంతువుల సహజాతాలను తెలుసుకుంటే మానవ ప్రవర్తన కూడా అర్థమవుతుందని లోరెంజ్ జీవితాంతం నమ్మాడు. ఈ నమ్మకమే ఈయనకు కీర్తిని తెచ్చింది. నాజీ పాలన కాలంలో ఈయన జీవితానికి అంటిన మచ్చకు కూడా ఈ నమ్మకమే ఒక కారణమైంది.

బాల్యము - కుటుంబము

లోరెంజ్ వియన్నా నగరంలో జన్మించాడు. తండ్రి అడాల్ఫ్ లోరెంజ్ ఎముకల వైద్యంలో పేరుపొందిన నిపుణుడు. పుట్టుకతోనే తుంటి కీలు తొలగి ఉన్న పిల్లలకు కత్తి పెట్టకుండా చేతులతోనే సరిచేసే పద్ధతి ద్వారా ఐరోపాలోనూ అమెరికాలోనూ ఖ్యాతి గడించాడు. తల్లి ఎమ్మా భర్తకు వైద్యవృత్తిలో తోడ్పడేది. అన్న ఆల్బర్ట్ ఈయన కంటే వయసులో చాలా పెద్దవాడు.

వియన్నాకు సమీపంలో డాన్యూబ్ నది ఒడ్డున ఉన్న ఆల్టెన్‌బెర్గ్ గ్రామంలో ఈ కుటుంబానికి విశాలమైన ఇల్లు, తోట ఉండేవి. నది పక్కన చిత్తడి నేలలు, పొదలు, నీటిపక్షులు ఉండటం వలన బాలుడైన లోరెంజ్‌కు ఆ ప్రాంతమే మొదటి పాఠశాల అయింది. చేపలు, పక్షులు మొదలైన రకరకాల జీవులను ఇంటికి తెచ్చి పెంచేవాడు. తల్లిదండ్రులు అభ్యంతరం చెప్పకుండా సహించారు. స్వీడన్ రచయిత్రి సెల్మా లాగర్‌లోఫ్ వ్రాసిన, ఒక బాలుడు అడవి బాతులతో కలిసి దేశాటన చేసే కథ చిన్ననాడు ఈయన మనసును ఆకట్టుకుంది. తాను కూడా అడవి బాతు కావాలని, కాలేకపోతే కనీసం ఒక బాతును పెంచాలని కోరుకున్నాడు. పొరుగువారు ఇచ్చిన ఒకరోజు వయసు గల బాతుపిల్ల తనను విడవకుండా వెంబడించడం ఆ రోజులలోనే గమనించాడు. ఆటలలో తోడుగా ఉన్న మార్గరెత్ గెబ్‌హార్ట్‌ను 1927లో వివాహం చేసుకున్నాడు. ఆమె స్త్రీవ్యాధుల వైద్యురాలు అయింది. వీరికి ముగ్గురు సంతానం.

విద్యాభ్యాసము

లోరెంజ్‌కు జంతుశాస్త్రంపై మక్కువ ఉన్నా, తండ్రి కోరిక మేరకు వైద్యవిద్యలో చేరాడు. 1922లో న్యూయార్క్‌లోని కొలంబియా విశ్వవిద్యాలయంలో కొద్దికాలం చదివి, తిరిగివచ్చి వియన్నా విశ్వవిద్యాలయంలో కొనసాగించాడు. అక్కడ శరీర నిర్మాణశాస్త్ర ఆచార్యుడైన ఫెర్డినాండ్ హోక్‌స్టెటర్ బోధన ఈయన ఆలోచనకు దారి చూపింది. వేర్వేరు జంతువుల అవయవాలను పోల్చి చూసి వాటి పరిణామ చరిత్రను ఊహించవచ్చునని ఆ ఆచార్యుడు చూపించాడు. అవయవాలను పోల్చినట్లే జంతువుల కదలికలను, అలవాట్లను కూడా పోల్చవచ్చునని లోరెంజ్‌కు తోచింది. ప్రవర్తన కూడా రెక్కలాగా, ముక్కులాగా వంశపారంపర్యంగా వచ్చేదేనన్న భావన ఈయన సిద్ధాంతాలకు మూలం. 1928లో వైద్యపట్టా, 1933లో జంతుశాస్త్రంలో డాక్టరేటు పొందాడు.

జాక్‌డా పక్షుల పరిశీలన

విద్యార్థిగా ఉన్నప్పుడే లోరెంజ్ ఒక జాక్‌డా పిల్లను కొని పెంచాడు. జాక్‌డా కాకి కుటుంబానికి చెందిన చిన్న పక్షి. ఆ తరువాత ఆల్టెన్‌బెర్గ్ ఇంటి పైకప్పు కింద అలాంటి పక్షుల గుంపునే పెంచాడు. అవి స్వేచ్ఛగా ఎగిరిపోయి తిరిగి వచ్చేవి. వాటి మధ్య పెద్దా చిన్నా అనే అంతస్తులు ఉండటం, తక్కువ స్థాయి పక్షి పై స్థాయి పక్షితో జతకట్టగానే దానికీ అదే గౌరవం దక్కడం వంటి విషయాలను నమోదు చేశాడు. ఈ పరిశీలనలను బెర్లిన్‌లోని పక్షిశాస్త్రవేత్త ఆస్కార్ హైన్‌రోత్ ప్రోత్సాహంతో 1927లో ప్రచురించాడు. హైన్‌రోత్‌ను ఈయన తన గురువుగా భావించాడు.

ఒకనాడు ఈయన జేబులోనుండి తడిసిన నల్లని ఈతదుస్తులను బయటకు తీయగానే జాక్‌డాలన్నీ అరుస్తూ మీదపడి పొడిచాయి. నల్లగా వేలాడే వస్తువు చేతిలో కనబడితే చాలు, తమ పక్షిని ఎవరో పట్టుకుపోతున్నట్లు అవి ప్రవర్తిస్తాయని లోరెంజ్ గ్రహించాడు. విచిత్రమేమంటే, ఇంకా ఈకలు రాని నిజమైన పిల్లను చేతిలోకి తీసుకుంటే అవి పట్టించుకోలేదు. ఆ పిల్లకు నల్లని ఈకలు రాగానే దాడి చేశాయి. అనగా, పక్షి పరిస్థితిని ఆలోచించి నిర్ణయించుకోవడం లేదు. ఒక సంకేతం కనబడగానే పుట్టుకతో వచ్చిన చర్య వెలువడుతున్నది. ఇలాంటి సంకేతాలను ఈయన విడుదల సంకేతాలుగా వర్ణించాడు.

మొదట చూసిన ప్రాణిపై అనుబంధం

పొదిగే కోడి కింద బాతుగుడ్లు పెట్టి పిల్లలు చేయించడం మన పల్లెల్లో తెలిసిన పద్ధతే. అలా పుట్టిన బాతుపిల్లలు కోడినే తల్లిగా భావించి దాని వెంట తిరుగుతాయి. 1873లోనే ఆంగ్లేయుడైన డగ్లస్ స్పాల్డింగ్ కోడిపిల్లలలో ఇటువంటి విషయాన్ని వర్ణించాడు. 20వ శతాబ్దం తొలినాళ్ళలో హైన్‌రోత్ బాతులలో దీనిని గుర్తించాడు. దీనిని సిద్ధాంతంగా రూపొందించి, శాస్త్రలోకం దృష్టికి తెచ్చినవాడు లోరెంజ్. 1935లో పక్షుల జీవితంలో సహచరుల పాత్ర గురించి వ్రాసిన సుదీర్ఘ వ్యాసంలో దీనిని వివరించాడు. మెత్తని మైనంపై ముద్ర పడినట్లుగా అనుబంధం ఏర్పడుతుంది కనుక ఆంగ్లంలో దీనికి ఇంప్రింటింగ్ అనే పేరు స్థిరపడింది.

ఈయన గమనించిన ముఖ్యాంశాలు రెండు. మొదటిది, ఈ ముద్ర జీవితంలో ఒక చిన్న వ్యవధిలో మాత్రమే పడుతుంది. రెండవది, దీనికి ఆహారం వంటి బహుమానం అవసరం లేదు. గ్రేలాగ్ అనే బూడిదరంగు పెద్దబాతు పిల్ల ఒకటి గుడ్డు నుండి వెలువడగానే లోరెంజ్‌ను చూసి, ఈయననే తల్లిగా ఎంచుకుంది. మార్టినా అని పేరు పెట్టిన ఆ బాతు రాత్రివేళ మేడ మీది పడకగదికి వచ్చి నిద్రించేది. మరొక జాతి బాతుపిల్లలు మాత్రం మౌనంగా నడిచే మనిషిని అనుసరించలేదు. లోరెంజ్ గడ్డిలో చతికిలబడి, తల్లిబాతులా ఆగకుండా అరుస్తూ పాకినప్పుడే వెంట వచ్చాయి. దీనినిబట్టి జాతిని అనుసరించి సంకేతాలు మారతాయని తెలిసింది.

1935లో విశ్వవిద్యాలయంలో సహాయక ఉద్యోగాన్ని వదలి ఆల్టెన్‌బెర్గ్‌లోనే పరిశోధన సాగించాడు. ఆ కాలంలో కుటుంబ పోషణకు భార్య సంపాదన ముఖ్యాధారమైంది.

టిన్‌బెర్గెన్‌తో స్నేహము

1936లో నెదర్లాండ్స్‌లోని లైడెన్ నగరంలో సహజాతంపై జరిగిన సమావేశంలో లోరెంజ్ డచ్చి శాస్త్రవేత్త టిన్‌బెర్గెన్‌ను కలుసుకున్నాడు. లోరెంజ్ గొప్ప ఊహలు చేయగల పరిశీలకుడు. టిన్‌బెర్గెన్ ఆ ఊహలను పరీక్షించే ప్రయోగాలు రూపొందించడంలో దిట్ట. 1937లో టిన్‌బెర్గెన్ కొన్ని నెలలు ఆల్టెన్‌బెర్గ్‌లో గడిపాడు. గ్రేలాగ్ బాతు తన గూటి నుండి దొర్లిపోయిన గుడ్డును తిరిగి తెచ్చుకునే తీరును వారిరువురూ కలిసి అధ్యయనం చేశారు. బాతు మెడ చాచి, ముక్కు అడుగుభాగంతో గుడ్డును తన వైపు దొర్లిస్తుంది. గుడ్డు పక్కకు తొలగకుండా ముక్కును అటూ ఇటూ కదుపుతుంది. మధ్యలో గుడ్డును తీసివేస్తే పక్కకు సరిదిద్దే కదలికలు ఆగిపోతాయి కాని, మెడను గూటి వరకు లాగే చర్య మాత్రం పూర్తయ్యే వరకు సాగుతుంది. ఒకసారి మొదలైతే తుదివరకు నడిచే ఇటువంటి సహజాత చర్యకు ఈ ప్రయోగం పాఠ్యపుస్తకాలలో ఉదాహరణగా నిలిచింది.

నాజీ పాలనలో లోరెంజ్

1938 మార్చిలో ఆస్ట్రియా జర్మనీలో విలీనమైంది. ఆ సంవత్సరం జూన్ నెలలోనే లోరెంజ్ నాజీ పార్టీ సభ్యత్వానికి దరఖాస్తు చేశాడు. ఆ పార్టీకి చెందిన జాతి విధాన విభాగంలోనూ చేరాడు. 1940లో కోనిగ్స్‌బెర్గ్ విశ్వవిద్యాలయంలో మనస్తత్వశాస్త్ర ఆచార్యుడిగా నియమితుడయ్యాడు.

అదే సంవత్సరం మచ్చిక జంతువుల ప్రవర్తన గురించి ఒక వ్యాసం ప్రచురించాడు. అడవి గ్రేలాగ్ బాతు ఒకే జతతో చాలాకాలం కలిసి ఉంటుంది. పెంపుడు బాతులో ఆ నియమం సడలిపోతుంది, ఆకలి, సంతానకాంక్ష పెరుగుతాయి. ఇంతవరకు ఇది పరిశీలన. అక్కడి నుండి లోరెంజ్, నగర జీవితంలో మానవుడు కూడా ఇలాగే మచ్చిక జంతువులా క్షీణిస్తున్నాడని, అటువంటి క్షీణత గలవారిని రాజ్యం జాతి విధానం ద్వారా ఏరివేయాలని వాదించాడు. బాతులలో చూసినది మనుషులకు వర్తిస్తుందని నిరూపించే ఆధారమేదీ అందులో లేదు. మనుషులను యోగ్యులు, అయోగ్యులుగా విభజించి చంపుతున్న ప్రభుత్వానికి ఆ వాదం శాస్త్రం పేరిట మద్దతుగా నిలిచింది.

1941లో సైన్యంలో చేర్చబడి, ఆక్రమిత పోలెండ్‌లోని పోజెన్ నగరంలో సైనిక ఆసుపత్రిలో మానసిక వ్యాధుల విభాగంలో పనిచేశాడు. అక్కడ జర్మన్ - పోలిష్ మిశ్రమ సంతతి వారిపై జరిగిన జాతిపరమైన మానసిక అధ్యయనంలో కూడా పాల్గొన్నాడు.

ఇదే కాలంలో ఈయన సహచరుల పరిస్థితి వేరుగా ఉంది. టిన్‌బెర్గెన్ తన విశ్వవిద్యాలయంలో నాజీల జోక్యాన్ని ఎదిరించి, 1942 నుండి రెండేళ్ళు బందీగా నిర్బంధ శిబిరంలో గడిపాడు. ఫాన్ ఫ్రిష్ వంశంలో యూదుల రక్తం ఉన్నదన్న కారణంగా మ్యూనిక్‌లో పదవి కోల్పోయే ప్రమాదాన్ని ఎదుర్కొన్నాడు.

యుద్ధఖైదీగా

1944లో తూర్పు రణరంగానికి పంపబడిన లోరెంజ్ కొద్దికాలంలోనే వీటెబ్స్క్ సమీపంలో సోవియట్ సైన్యానికి చిక్కాడు. దాదాపు 4 సంవత్సరాలు ఖైదీల శిబిరాలలో వైద్యుడిగా పనిచేశాడు. ఆర్మేనియాలోని శిబిరంలో ఉన్నప్పుడు సిమెంటు సంచుల కాగితంపై మానవ ప్రవర్తనను గురించి ఒక పెద్ద గ్రంథం వ్రాశాడు. 1948లో అధికారుల అనుమతితో ఆ వ్రాతప్రతిని, తాను మచ్చిక చేసిన, గోరువంక కుటుంబానికి చెందిన స్టార్లింగ్ పక్షిని వెంటబెట్టుకుని స్వదేశం చేరాడు. ఆ వ్రాతప్రతి లోరెంజ్ మరణానంతరం 1992లో ప్రచురితమైంది.

1949లో ఇంగ్లాండులోని కేంబ్రిడ్జి నగరంలో టిన్‌బెర్గెన్, లోరెంజ్ మళ్ళీ కలుసుకున్నారు. టిన్‌బెర్గెన్ జరిగినదానిని మరచిపోలేదు గాని, స్నేహాన్ని తిరిగి నిలుపుకున్నాడు.

యుద్ధానంతర కృషి

1949లో వెలువడిన సోలమన్ రాజు ఉంగరం అనే పుస్తకం ద్వారా లోరెంజ్ సామాన్య పాఠకులకు పరిచయమయ్యాడు. జంతువులతో తన అనుభవాలను హాస్యం జోడించి చెప్పిన ఈ పుస్తకం అనేక భాషలలోకి అనువదించబడింది. 1950లో కుక్కల గురించి మరొక పుస్తకం వచ్చింది. అదే సంవత్సరం జర్మనీలోని మాక్స్ ప్లాంక్ సంస్థ ఈయన కోసం బుల్డెర్న్‌లో పరిశోధన కేంద్రాన్ని ఏర్పాటు చేసింది. అనంతరం బవేరియాలోని జేవీసెన్‌లో ఎరిక్ ఫాన్ హోల్స్ట్‌తో కలిసి ప్రవర్తనా పరిశోధన సంస్థను నెలకొల్పి, 1973 వరకు అక్కడ పనిచేశాడు.

పసిపిల్లల ముఖంపై ఈయన 1943లో చేసిన సూచన ప్రత్యేకంగా పేర్కొనదగినది. పెద్ద తల, పెద్ద కళ్ళు, గుండ్రని బుగ్గలు చూడగానే మనుషులలో వాత్సల్యం కలుగుతుందని, బొమ్మలు, కుక్కపిల్లలు కూడా ఆ కారణంగానే ముద్దుగా కనబడతాయని చెప్పాడు. తరువాతి ప్రయోగాలు దీనిని చాలావరకు బలపరచాయి. తల్లీబిడ్డల అనుబంధంపై బ్రిటిష్ వైద్యుడు జాన్ బౌల్బీ రూపొందించిన సిద్ధాంతానికి కూడా లోరెంజ్ పరిశోధనలు ప్రేరణ ఇచ్చాయి. ఆసుపత్రులలోను, అనాథాశ్రమాలలోను తల్లికి దూరమైన పసివారి మానసిక అవసరాలపై లోకానికి శ్రద్ధ కలగడంలో బౌల్బీ కృషి ముఖ్యమైనది.

దూకుడు స్వభావంపై గ్రంథము

1963లో లోరెంజ్ జంతువులు, మనుషుల దూకుడు స్వభావంపై ఒక గ్రంథం ప్రచురించాడు. ఇది 1966లో ఆంగ్లంలోకి వచ్చింది. దూకుడు అనేది చెడ్డ గుణం కాదని, ఒకే జాతి ప్రాణులు తమ నివాస హద్దులను పంచుకోవడానికి, పిల్లలను కాపాడుకోవడానికి ఉపకరించే సహజాతమని ఇందులో వాదించాడు. తోడేలు వంటి బలమైన కోరలు గల జంతువులకు, ఓడి లొంగిన తోటి జంతువును చంపకుండా ఆపే నిగ్రహం కూడా పుట్టుకతోనే ఉంటుందన్నాడు. మనిషికి సహజమైన ఆయుధాలు లేనందున అటువంటి నిగ్రహం బలంగా ఏర్పడలేదని, తెలివితో ఆయుధాలు చేసుకున్న తరువాత ఈ లోపమే ప్రమాదకరమైనదని ఈయన అభిప్రాయం. జెండాలు, నినాదాల మధ్య గుంపులో కలిగే ఆవేశపు పులకరింతను కూడా ఇందులో విశ్లేషించి, అది వివేకాన్ని మింగివేస్తుందని హెచ్చరించాడు. క్రీడలు, విజ్ఞానం, కళలు, హాస్యం ఆ శక్తిని మంచిదారికి మళ్ళించగలవని ఆశించాడు.

ఈ గ్రంథానికి పాఠకాదరణతో పాటు తీవ్రమైన విమర్శ కూడా ఎదురైంది. తొట్టిలో నీరు నిండి పొర్లినట్లుగా దూకుడు లోలోపల పేరుకుపోతుందన్న ఈయన నమూనాకు ఆధారాలు లేవని రాబర్ట్ హైండ్ వంటి శాస్త్రవేత్తలు చూపించారు. అంతకుముందే 1953లో అమెరికా శాస్త్రవేత్త డేనియల్ లేర్మన్, ప్రవర్తనను పుట్టుకతో వచ్చినది, నేర్చుకున్నది అని రెండుగా విడదీయడం సరికాదని, ప్రాణి ఎదిగే క్రమాన్ని అడుగడుగునా పరిశీలించాలని వాదించాడు. 1968లో ఆష్లీ మాంటేగూ సంపాదకత్వంలో లోరెంజ్ వాదాన్ని ఖండించే వ్యాస సంకలనం వెలువడింది.

నోబెల్ బహుమతి - వివాదము

1973లో నోబెల్ బహుమతి ప్రకటించగానే లోరెంజ్ నాజీ కాలపు వ్రాతలు మళ్ళీ చర్చకు వచ్చాయి. నోబెల్ సంస్థ కోసం వ్రాసిన ఆత్మకథలో, ఆ కాలపు పరిభాషలో వ్యాసం వ్రాసినందుకు ఈయన విచారం వ్యక్తం చేశాడు. కాని, మచ్చిక వలన మానవజాతి క్షీణిస్తున్నదన్న భయాన్ని మాత్రం విడువలేదు. నాగరిక మానవుని ఎనిమిది పాపాల గురించి 1973లో వెలువరించిన పుస్తకంలోనూ ఆ భావన కనిపిస్తుంది. 1983లో ఇచ్చిన గౌరవ డాక్టరేటును సాల్జ్‌బర్గ్ విశ్వవిద్యాలయం 2015 డిసెంబరులో ఉపసంహరించుకుంది.

ప్రకృతి పరిరక్షణ - చివరి దినాలు

పదవీ విరమణ తరువాత ఆల్టెన్‌బెర్గ్ చేరి, గ్రూనౌ గ్రామంలో గ్రేలాగ్ బాతుల పరిశీలన కొనసాగించాడు. అణువిద్యుత్తును వ్యతిరేకించాడు. 1984లో హైన్‌బుర్గ్ వద్ద డాన్యూబ్ తీరపు అడవులను నరికి జలవిద్యుత్ కేంద్రం కట్టే ప్రయత్నాన్ని పర్యావరణవాదులు అడ్డుకున్నారు. లోరెంజ్ పేరుతో 1985 మార్చిలో జరిగిన ప్రజాభ్యర్థనపై 3,53,906 మంది సంతకాలు చేశారు. ఆ నిర్మాణం ఆగిపోయింది. ఆ ప్రాంతం 1996లో జాతీయ ఉద్యానవనమైంది. భార్య మార్గరెత్ 1986లో మరణించింది. లోరెంజ్ 1989 ఫిబ్రవరి 27న తన 85వ ఏట కన్నుమూశాడు.

తరువాతి పరిశోధనల వెలుగులో

లోరెంజ్ చెప్పినవాటిలో కొన్ని నిలిచాయి, కొన్ని మారాయి, కొన్ని వీగిపోయాయి. మొదట చూసిన ప్రాణిపై ముద్ర పడటం నిజమే కాని, అది ఈయన అనుకున్నంత మార్పులేనిది కాదని తెలిసింది. గుడ్డులో ఉండగానే బాతుపిల్ల తన గొంతును, తోటి పిల్లల గొంతును వింటుందని, ఆ వినికిడి లేకపోతే తల్లి పిలుపును గుర్తించే శక్తి దెబ్బతింటుందని గిల్బర్ట్ గాట్‌లీబ్ ప్రయోగాలు చూపాయి. ఈ పరిజ్ఞానం పక్షుల సంరక్షణకు కూడా ఉపకరించింది. 1993లో కెనడాకు చెందిన బిల్ లిష్‌మన్ చిన్న విమానం వెంట పెంపుడు బాతులను నడిపించి వాటికి వలస దారి చూపించాడు.

జంతువులు తమ జాతివారిని చంపవన్న భావన మాత్రం నిలబడలేదు. 1960ల తొలినాళ్ళలో కర్ణాటకలోని ధార్వాడ పరిసరాలలో జపాన్ శాస్త్రవేత్త యుకిమారు సుగియామా కొండముచ్చులను గమనించాడు. గుంపును వశపరచుకున్న కొత్త మగకోతి ఆ గుంపులోని పసిపిల్లలను చంపడాన్ని నమోదు చేశాడు. 1970లలో టాంజానియాలోని గోంబేలో చింపాంజీలు పొరుగు గుంపు వాటిని వేటాడి చంపడాన్ని జేన్ గుడాల్ బృందం చూసింది. అయినా ఇటువంటి ఉదాహరణల వలన యుద్ధం మానవునికి తప్పనిసరి అని తేలదు. యుద్ధ ప్రవృత్తి జంతు పూర్వీకుల నుండి వారసత్వంగా వచ్చిందనడం శాస్త్రీయం కాదని, 1986లో అనేక దేశాల శాస్త్రవేత్తలు స్పెయిన్‌లోని సెవిల్‌లో ఒక ప్రకటన చేశారు. యునెస్కో దానిని 1989లో ఆమోదించింది.

ఒక ప్రవర్తనను వివరించాలంటే దాని తక్షణ కారణం, ప్రాణి ఎదుగుదలలో అది ఏర్పడిన తీరు, దాని ప్రయోజనం, దాని పరిణామ చరిత్ర అనే నాలుగింటినీ విడివిడిగా పరిశీలించాలని టిన్‌బెర్గెన్ 1963లో లోరెంజ్ 60వ జన్మదినానికి అంకితమిచ్చిన వ్యాసంలో ప్రతిపాదించాడు. ఈ నాలుగు ప్రశ్నలు నేటికీ ప్రవర్తనా శాస్త్రంలో ప్రామాణికంగా ఉన్నాయి. లోరెంజ్ గొప్ప పరిశోధనలన్నీ ఒక పక్షిని ఏళ్ళ తరబడి దగ్గరగా చూసి చెప్పినవి. ఈయన పెద్ద పొరపాట్లు ఆ పక్షిలో చూసినదానిని, ఈ ప్రశ్నలు వేయకుండానే, మనుషులకు అన్వయించినప్పుడు జరిగాయి. వాటిలో 1940 నాటి వ్యాసం శాస్త్రదోషం మాత్రమే కాక నైతిక దోషం కూడా అని చరిత్రకారులు పరిగణిస్తున్నారు.